‘చూసుకున్నారా?’ అని అడగొద్దు: ప్రింటింగ్ ప్రెస్సులో మాట ఖాయం చేసుకునే పద్ధతి

ఖమ్మం లాంటి ఊళ్లో చిన్న ప్రెస్సు నడపడమంటే రోజంతా మాటలతోనే పని. శుభలేఖ అయినా, బిల్లు పుస్తకం అయినా, కరపత్రం అయినా ఒకరి నోట్లో ఉన్నది ఇంకొకరి చెవిన పడుతుంది. మూడో మనిషి దాన్ని టైపు చేస్తాడు, నాలుగో మనిషి కాగితం మీదికి ఎక్కిస్తాడు. మిషన్ చెడితే మెకానిక్ వచ్చి బాగుచేస్తాడు. మాట చెడితే మాత్రం ఐదొందల కార్డులు తుక్కు కింద పోతాయి, అంతకంటే ముఖ్యంగా ఒక ఇంటి శుభకార్యంలో చికాకు మొదలవుతుంది.

ఈ పనిలో నాకు బాగా తేలిన సంగతి ఒకటుంది. ‘సరే’, ‘ఓకే’ అని జవాబు చెప్పడానికి వీలైన ప్రశ్న ఎప్పుడూ అడగకూడదు. కార్డులో అచ్చు వేసే రాతను మేం మేటర్ అంటాం. ‘మేటర్ చూసుకున్నారా అండీ?’ అంటే ‘ఆ, చూశాం’ అంటారు. వాళ్లు అబద్ధం చెప్పడం లేదు, నిజంగానే చూశారు. చదవలేదు, అంతే. ‘పెళ్లికొడుకు అమ్మగారి పేరు ఏమని ఉందో ఒకసారి చదవండి’ అంటే చదివి తీరాలి. ఆర్డరు తీసుకున్నప్పటి నుంచి కట్ట చేతికిచ్చే దాకా ప్రతి మెట్టులో ఇలాంటి ప్రశ్న ఎలా వేస్తానో వరుసగా చెబుతాను. ఉదాహరణకు శుభలేఖ తీసుకుంటున్నాను, ఎందుకంటే తప్పు జరిగే చోట్లు అన్నిటికన్నా ఎక్కువ ఉన్న పని అదే.

మొదటి ఫోనులో వినిపించేది ఒకటే మాట: ‘కార్డు ఎంత?’ ఆ ప్రశ్నకు వెంటనే అంకె చెప్పను. చెబితే ఆ అంకె వాళ్ల మనసులో రాసుకుపోతుంది, తర్వాత కవరు మీద ప్రింటింగు, లోపలి షీటు, జీఎస్టీ అని కలిపిన ప్రతి రూపాయీ మోసంలా కనిపిస్తుంది. ముందు నాలుగు విషయాలు అడుగుతాను. ఎన్ని కావాలి? తెలుగు ఒక్కటేనా, ఇంగ్లీషు పక్క కూడా వేయాలా? కవరు మీద పేర్లు ముద్రించాలా? మొదటి కార్డు ఎవరికి, ఏ రోజు ఇస్తారు? ఈ చివరి ప్రశ్న అన్నిటికంటే ముఖ్యం. ‘పెళ్లి ఎప్పుడు’ అని అడిగితే వచ్చే తేదీ నాకు ఉపయోగపడదు. దేవుడి దగ్గర పెట్టే రోజు, ఊరి బంధువులకు పంచడం మొదలుపెట్టే రోజు తెలిస్తేనే నా గడువు తెలుస్తుంది. ఆ రోజుకు రెండు రోజుల ముందు కార్డులు చేతికి అందేలా వెనక్కి లెక్కవేస్తాను.

ఎన్ని కావాలన్న దగ్గర కూడా మాట తేడా వస్తుంది. ‘మావాళ్లు ఎనిమిది వందల మంది ఉంటారండీ’ అంటారు. అది మనుషుల లెక్క, కార్డు పోయేది ఇంటికి ఒకటి. ‘ఎన్ని ఇళ్లకు ఇస్తారు’ అని అడిగితే మూడు వందలో, మూడున్నర వందలో తేలుతుంది. దానికి పదిశాతం పైన కలపమంటాను, ఎందుకో కూడా అప్పుడే చెబుతాను: తర్వాత ఓ యాభై తక్కువయ్యాయని వస్తే ప్లేటు లేదా స్క్రీను మళ్లీ తయారు చేయాలి, మిషన్ మళ్లీ సెట్ చేయాలి, సెట్టింగులో పోయే షీట్లు మళ్లీ పోతాయి. ఆ యాభైకి అయ్యే ఖర్చు ముందే అడిగి ఉంటే అయ్యేదానికి ఎన్నో రెట్లు. ఈ కారణం ముందు చెబితే సలహా అవుతుంది. తర్వాత చెబితే సాకు అవుతుంది.

రేటు మాత్రం నోటితో చెప్పి ఊరుకోను. వాట్సాప్‌లో ఇలా రాస్తాను: ‘కార్డు ఫలానా నంబరు, 350 సెట్లు. సెట్టు అంటే ఒక కార్డు, ఒక లోపలి షీటు, ఒక కవరు. తెలుగు ఒక వైపు, ఇంగ్లీషు ఒక వైపు. కవరు మీద ప్రింటింగు కలిపి. జీఎస్టీ కలిపి మొత్తం ఇంత. అడ్వాన్సు సగం. ప్రూఫు మీద సంతకం అయిన రోజు నుంచి నాలుగు పని దినాలు.’ ప్రూఫు అంటే అచ్చుకు ముందు సరిచూడడానికి తీసే నమూనా. ఆ ఆఖరి వాక్యం లేకపోతే గడువు ఆర్డరిచ్చిన రోజు నుంచే నడుస్తోందని వాళ్లు అనుకుంటారు, ప్రూఫు వాళ్ల దగ్గరే వారం రోజులు ఉండిపోయినా సరే.

ఇక మేటర్. పురోహితుడు రాసిచ్చిన లగ్నపత్రిక ఫోటో ఒకటి, మేనమామ ఫోనులో చెప్పిన పేర్లు కొన్ని, పెళ్లికూతురు వాట్సాప్‌లో ఇంగ్లీషు అక్షరాల్లో టైపు చేసిన తెలుగు కొంత. ఇలా మూడు దారుల్లో వచ్చిన మేటర్‌ను నేను టైపుకు ఇవ్వను. ‘మీ ఇంట్లో ఒకరు అంతా ఒకే కాగితం మీద రాసి ఇవ్వండి. మార్పులు కూడా ఆ ఒక్కరే చెప్పాలి’ అంటాను. ఆ మనిషి పేరు, ఫోను నంబరు ఆర్డరు ఫారం పైన రాస్తాను. ఒకరు తీసేయమన్న పేరును ఇంకొకరు పెట్టమనడం ప్రతి ఇంట్లో ఉండేదే. వాళ్ల ఇంటి మాటను నేను తీర్చకూడదు. వాళ్లే తేల్చుకుని నా దగ్గరికి రావాలి.

ఇంగ్లీషు అక్షరాల్లో వచ్చిన పేరును ఊహించి తెలుగు చేయడం ప్రెస్సు వాళ్లు చేసే పెద్ద తప్పు. లక్ష్మినా లక్ష్మీనా, శ్రీనివాసా శ్రీనివాసులా శ్రీనివాసరావా, పద్మా పద్దమ్మా? ఇంటిపేర్లలో ఇంకా ఎక్కువ: దీర్ఘం ఉందా, వత్తు ఉందా అన్నది ఆ ఇంటివాళ్లకే తెలుస్తుంది. రాసే కాగితం మీద పేర్లన్నీ తెలుగులోనూ ఇంగ్లీషులోనూ పక్కపక్కన రాయమంటాను. చదువుల డిగ్రీలు, ఉద్యోగం చేసే కంపెనీ పేరు కూడా అంతే.

ఒక ప్రశ్న మాత్రం నేనే గొంతు తగ్గించి అడుగుతాను: ‘ఈ పేర్లలో కాలం చేసిన పెద్దలెవరైనా ఉన్నారా అండీ?’ రాసిచ్చే తొందరలో ‘కీ.శే.’ పెట్టడం మరిచిపోతారు. పోయినవారి ముందు ‘శ్రీ’ పడితే ఇంట్లో ఆడవాళ్లు కన్నీళ్లు పెట్టుకుంటారు. బతికున్న మనిషి ముందు ‘కీ.శే.’ పడితే ఇక ఆ కార్డు ఎవరికీ ఇవ్వలేరు. పాత కార్డు ఫైలు తెరిచి పేర్లు మార్చేటప్పుడే ఈ రెండో తప్పు జరుగుతుంది, పేరు మారుతుంది గాని దాని ముందున్న రెండు అక్షరాలు అలాగే ఉండిపోతాయి. అందుకే మా దగ్గర కంప్యూటర్‌లో టైపు చేసే డీటీపీ అబ్బాయి పాత ఫైలు వాడితే పేరుతో పాటు ముందూ వెనుకా ఉన్నదంతా తీసేసి కొత్తగా కొట్టాలి.

ముహూర్తం దగ్గర అన్నిటికంటే ఎక్కువసేపు కూర్చుంటాను. పంచాంగం రోజు సూర్యోదయంతో మొదలై మర్నాటి సూర్యోదయంతో ముగుస్తుంది. ఫోనులోని తేదీ అర్ధరాత్రి పన్నెండుకే మారిపోతుంది. పురోహితుడు ‘14వ తేదీ శనివారం రాత్రి 2 గంటల 14 నిమిషాలకు, తెల్లవారితే ఆదివారం’ అని రాస్తే ఆయన లెక్కలో అది శనివారమే. ఇంగ్లీషు లెక్కలో 15వ తేదీ ఆదివారం. చదువుకున్న పిల్లలు ‘రాత్రి రెండు గంటలంటే తేదీ మారింది కదా’ అని దిద్ది, ‘15వ తేదీ ఆదివారం రాత్రి 2.14’ అని పంపుతారు. అలా అచ్చయితే చుట్టాలు ఆదివారం రాత్రి భోజనానికి దిగుతారు, అప్పటికి పెళ్లి అయిపోయి అప్పగింతలు కూడా పూర్తయి ఉంటాయి.

అందువల్ల ఇక్కడ నా ప్రశ్న ముహూర్తం గురించి ఉండదు. ‘చుట్టాలు ఏ రోజు సాయంత్రం హాలుకు రావాలి? హాలు రసీదు మీద ఏ తేదీ ఉంది?’ అని అడుగుతాను. రసీదు ఫోటో పంపమంటాను. అది లగ్నపత్రికతో కలిస్తేనే ముందుకు. కార్డులో తెలుగు వైపు పురోహితుడు రాసినట్టే, ‘తెల్లవారితే ఆదివారం’ అన్న మాటతో సహా ఉంచుతాను. ఇంగ్లీషు వైపు శనివారం, ఆదివారం మధ్య రాత్రి అని విడమరిచి రాస్తాను. రెండు వైపులా ‘విందు: 14వ తేదీ శనివారం రాత్రి 7 గంటల నుండి’ అని విడిగా ఒక లైను. వచ్చేవాళ్లు చూసుకునేది ఆ లైనే. పన్నెండు గంటల మీద పడిన ముహూర్తానికి ‘పగలు’, ‘రాత్రి’ అన్న మాట తప్పకుండా ఉండాలి, వట్టి 12.35 అని వదిలేస్తే ఎవరి అర్థం వాళ్లది. సంవత్సరం పేరు కూడా చూసుకోవాలి. 2026 మార్చి 19 ఉగాదికి ముందు పెళ్లి విశ్వావసు నామ సంవత్సరం, ఆ రోజు నుంచి పరాభవ నామ సంవత్సరం. కొత్త ఏడాది మొదటి నెలలో పాత ఫైలులోని పేరే కార్డు మీద మిగిలిపోయే ప్రమాదం ఎక్కువ.

టైపింగులో వచ్చే గొడవ జనానికి తెలియదు, మనమే చెప్పాలి. మా ఊళ్ల ప్రెస్సుల్లో చాలా పని ఇప్పటికీ అను అనే పాత తెలుగు ఫాంట్లలో, పేజ్‌మేకర్, కోరల్ డ్రా లాంటి డిజైన్ సాఫ్ట్‌వేర్‌లో నడుస్తుంది. ఫోనులో కొట్టే తెలుగు యూనికోడ్ అనే వేరే పద్ధతిలో ఉంటుంది. ఒకదానిలోనిది ఇంకొకదానిలో నేరుగా అతికిస్తే గళ్లో, ప్రశ్నార్థకాలో వస్తాయి. కన్వర్టర్‌తో మారిస్తే చాలావరకు సరిగ్గానే ఉంటుంది, అక్కడక్కడ వత్తు జారుతుంది. చాలావరకు సరిగ్గా ఉండడమే ఇక్కడ ప్రమాదం, కంటికి ఆనదు. ‘రాజ్‌కుమార్’ కాస్తా ‘రాజ్కుమార్’ అయి, క అక్షరం జ కింద వత్తుగా చేరుతుంది. కాబట్టి ‘మీరు ఫోనులో కొట్టి పంపినా మేం మళ్లీ మార్చాల్సి వస్తుంది, దాంతో మీరు పంపిందే కదా అని చదవకుండా వదలొద్దు’ అని ముందే చెబుతాను.

ప్రూఫు పీడీఎఫ్‌గానే పంపుతాను, అక్షరాలను కర్వ్స్‌గా, అంటే ఫాంటు అక్కర్లేని గీతల బొమ్మలుగా మార్చి. లేకపోతే వాళ్ల ఫోనులో ఆ ఫాంటు లేక ఇంకేదో కనిపిస్తుంది. స్క్రీన్‌షాటు పంపితే వాట్సాప్ దాన్ని కుదించేస్తుంది, చిన్న అక్షరాల్లో వత్తు ఉందో లేదో తెలియదు. ఇవన్నీ చేసినా ఫోను మీద చదివి పంపే ‘ఓకే’ను నేను ఒప్పుకోను. ఊళ్లో ఉన్నవాళ్లు వచ్చి ఏ4 కాగితం మీద తీసిన ప్రూఫు చదవాలి. దూరంగా ఉన్నవాళ్లు, అమెరికా నుంచి పెళ్లి పనులు చూసుకునే పిల్లలు కూడా ఈమధ్య చాలామంది ఉన్నారు, వాళ్లు పీడీఎఫ్ ముందు పెట్టుకుని ఫోనులో పైకి చదవాలి, నేను లగ్నపత్రిక, రాతకాగితం చేతిలో పట్టుకుని వింటాను. పది నిమిషాల పని. టైపు చేసిన అబ్బాయిని మాత్రం చదవనివ్వను. రాసిన కంటికి రాయాలనుకున్నదే కనిపిస్తుంది.

చదివే పద్ధతి ఇది: ముందు పేర్లు మాత్రమే, కింద నుంచి పైకి. వరుస తిరగేస్తే నోరు అలవాటున పరుగెత్తదు. తర్వాత వారం, తేదీ, సమయం. తర్వాత ఫోను నంబర్లు, రెండేసి అంకెలుగా. చివర హాలు పేరు, ఊరు, దారి. దారికి క్యూఆర్ కోడ్ పెడితే తెర మీద స్కాన్ చేసి చూస్తే చాలదు, అచ్చయిన ప్రూఫు మీదే, కార్డులో ఉండే సైజులోనే చేయాలి. రెండు సెంటీమీటర్లకు తగ్గనివ్వను, తెలుపు మీద నలుపే వేస్తాను. అందం కోసం బంగారు ఫాయిల్‌లో, అంటే మెరిసే పలుచని రేకు అద్దకంతో వేయమంటారు గానీ, అది మెరిసి చాలా ఫోన్లు చదవలేవు.

రంగుల మాట ప్రూఫు దగ్గరే తేల్చుకోవాలి. ఫోను తెర వెలుతురుతో రంగు చూపిస్తుంది. కాగితం నాలుగు ఇంకుల కలయికతో చూపిస్తుంది. తెర మీద నిగనిగలాడే బంగారు రంగును నాలుగు రంగుల్లో అచ్చు వేస్తే బురద పసుపు వస్తుంది. నిజమైన మెరుపు ఫాయిల్‌తో వస్తుంది, దాని ఖర్చు వేరు. ‘ఇలాగే వస్తుందా?’ అని ఫోను చూపిస్తే ‘వస్తుంది’ అనను, అదే కాగితం మీద అంతకు ముందు వేసిన కార్డు చేతిలో పెట్టి ‘ఇలా వస్తుంది’ అంటాను.

అన్నీ అయ్యాక ప్రూఫు కింద సంతకం, తేదీ, ఎన్ని కాపీలో వాళ్ల చేతిరాతతో. ఆ పక్కనే మా ఫారంలో రెండు వాక్యాలు అచ్చు వేసి ఉంటాయి: సంతకమైన ప్రూఫులో లేని తప్పు కార్డులో వస్తే ఉచితంగా మళ్లీ వేస్తాం. ప్రూఫులోనే ఉన్న తప్పైతే కాగితం, ప్లేటు ఖర్చు మీది, కూలి మాది. ఇవి వేలితో చూపించి చదివి వినిపిస్తాను. గొడవ వచ్చాక చూపించే షరతుకు విలువ లేదు.

ఇక్కడిదాకా కస్టమరుతో మాట. ప్రెస్సు లోపల మాట ఇంకా ఎక్కువ పాడవుతుంది, ఎందుకంటే అందరం ఒకరికొకరం తెలుసు కాబట్టి సగం సగం చెప్పుకుంటాం. ‘అదే పేపరు’, ‘మొన్నటి లాగే’, ‘ఆ స్కూలు వాళ్లది’. మా దగ్గర ‘అదే’ అన్న మాటకు చోటు లేదు. ప్రతి పనికి ఒక పెద్ద కవరు, దాని మీద జాబ్ నంబరు. లోపల సంతకం చేసిన ప్రూఫు, వాడాల్సిన కాగితం ముక్క ఒకటి, మడిచి చూపిన డమ్మీ. కాగితం బరువు 300 జీఎస్ఎం అని మాత్రం రాస్తే అది ఆర్ట్ బోర్డు రకమా, ఐవరీ రకమా అన్న అనుమానం ఉంటుంది, ముక్క చేతికి తగిలితే ఉండదు. కటింగ్ సైజు రాసేటప్పుడు ‘5 బై 7’ అని వదలకుండా ‘అడ్డం 5, నిలువు 7 అంగుళాలు’ అని రాయాలి. డమ్మీ మీద ‘పైన’ అని బాణం గీయాలి. లేకపోతే రెండో వైపు తలకిందులుగా అచ్చవుతుంది. డిజైన్ చేసే అబ్బాయి అంచు రంగును చుట్టూ మూడు మిల్లీమీటర్లు బయటికి వదిలాడో లేదో కటింగ్ మిషన్ మనిషే ముందు అడగాలి, కోసేశాక తెల్ల గీత కనబడితే ఎవరినీ అడిగి లాభం లేదు.

బిల్లు పుస్తకాలకు ఈ కవరు పద్ధతి ఇంకా అవసరం. షాపు వాళ్లు పాత బిల్లు ఒకటి చించి ఇచ్చి ‘ఇలాగే ఐదు పుస్తకాలు’ అంటారు. ఆ కాగితం మీద నంబరు చూసి అక్కడి నుంచి మొదలుపెడితే తప్పే, మధ్యలో ఇంకా వాడని పుస్తకాలు ఉండి ఉండవచ్చు. ‘మీ బీరువాలో ఉన్న ఆఖరి పుస్తకంలో ఆఖరి నంబరు ఎంత?’ అని అడగాలి. ఏప్రిల్ నుంచి కొత్త వరుస మొదలుపెడతారా అన్నదీ అడగాలి. సరుకు అమ్మేవాళ్ల ట్యాక్స్ ఇన్వాయిస్‌కు మూడు కాపీలు కావాలి, సేవలకు రెండు చాలు. జీఎస్టీలో కంపోజిషన్ పద్ధతిలో, అంటే అమ్మకాల మీద ఒకే శాతం పన్ను కట్టే పద్ధతిలో ఉన్న వ్యాపారి బిల్లు మీద పన్ను గడి ఉండకూడదు, ‘బిల్ ఆఫ్ సప్లై’ అని ఉండాలి, తాను పన్ను వసూలు చేయడానికి అర్హుడు కానన్న వాక్యం పైన ఉండాలి. ‘మీరు కంపోజిషనా, రెగ్యులరా?’ అంటే చాలామందికి తెలియదు. ‘మూడు నెలలకోసారి అమ్మకాల మీద ఒకే శాతం కడుతున్నారా, మీ ఆడిటర్‌ను అడిగి చెప్పండి’ అంటే సరైన జవాబు వస్తుంది.

జీఎస్టీ నంబరు 15 అక్షరాలు. మొదటి రెండూ రాష్ట్రం: తెలంగాణకు 36, ఆంధ్రప్రదేశ్‌కు 37. మా ఊరికి సరిహద్దు అవతలి నుంచి కూడా పనులు వస్తాయి కాబట్టి ముందు చూసేది అదే. తర్వాతి పది పాన్ నంబరు, అందులో ఐదు అక్షరాలు, నాలుగు అంకెలు, మళ్లీ ఒక అక్షరం. ఈ వరుస తెలిస్తే సున్నా ఏదో, ఓ ఏదో ఇట్టే తేలుతుంది. అయినా జీఎస్టీ పోర్టల్‌లో నంబరు కొట్టి, వచ్చిన పేరు షాపు పేరేనా అని కస్టమరును అడిగే ప్లేటు వేస్తాను.

నోటి మాట చాలదని చట్టమే చెప్పిన పని ఒకటుంది. ఎన్నికల కరపత్రాలు, పోస్టర్లు. ప్రజాప్రాతినిధ్య చట్టం, 1951లో 127ఏ సెక్షన్ ప్రకారం వాటి మీద ముద్రించినవారి, ప్రచురించినవారి పేరు, చిరునామా ఉండాలి. ప్రచురించేవారు తమ గుర్తింపు గురించి రెండు ప్రతుల్లో డిక్లరేషన్ సంతకం చేసి ఇవ్వాలి, వారిని ఎరిగిన ఇద్దరు దాని మీద సాక్షి సంతకాలు చేయాలి. ముద్రించాక ఆ డిక్లరేషన్ ఒక ప్రతి, కరపత్రంతో సహా అధికారులకు ప్రెస్సే పంపాలి. తప్పితే ఆరు నెలల దాకా జైలు, రెండు వేల రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ. తెలిసిన నాయకుడి మనిషే రాత్రి పది గంటలకు వచ్చి ‘పొద్దున ఇస్తాం సంతకం, ముందు వెయ్యి కొట్టండి’ అన్నా ఒప్పుకోకూడదు. ‘ఫారం ఇక్కడే ఉందండీ, ఇద్దరిని పిలిపించండి, ఈలోగా మేం ప్లేటు సిద్ధం చేస్తాం’ అంటే పని ఆగదు, మనమూ ఇరుక్కోం.

ఆలస్యం కబురు చెప్పడం మాకు చాలా కష్టమైన మాట. కరెంటు పోయిందనో, హైదరాబాదు ఛత్తా బజారు నుంచి రావలసిన కార్డు స్టాకు రాలేదనో తెలిసిన గంటలోపు ఫోను చేయాలి, గడువు రోజు సాయంత్రం కాదు. అందులో మూడు ముక్కలుంటాయి: ఏం జరిగింది, ఎప్పటికి ఇస్తాం, ఈలోగా ఏం ఇవ్వగలం. ‘అండీ, కవర్లు రేపు వస్తున్నాయి. పూర్తి కట్ట శుక్రవారం ఉదయం పదకొండుకు ఇస్తాను. గురువారం పూజకు కావలసిన యాభై కార్డులు మాత్రం ఇవాళే ఇస్తాను, మనిషిని పంపండి.’ ఎక్కువమంది ఈ మాటకు కోపగించరు. ‘అయిపోతోంది, ఇంకో గంట’ అని నాలుగుసార్లు చెప్పినవాడి మీదే కోపగిస్తారు.

తప్పు పడిందని కస్టమరు కార్డు పట్టుకుని వస్తే సంతకమున్న ప్రూఫు వెంటనే తీయకూడదు, తీస్తే అది దెబ్బలాట. ముందు ‘ఎన్ని పంచారు, మిగతావి ఎప్పటికి కావాలి’ అని అడిగి పరిష్కారం చూడాలి. ఒక్క అంకె తప్పయితే అదే ఫాంటులో చిన్న స్టిక్కరు సాయంత్రానికి ఇవ్వొచ్చు. పేరు తప్పయితే స్టిక్కరు వద్దు, మళ్లీ వేయాలి. మిషన్ మీద పని ఎక్కాక ఇద్దరం కూర్చుని కవరు తెరిచి, తప్పు ఎక్కడ మొదలైందో చూసుకుంటాం. అప్పటికి మనసులు చల్లబడి ఉంటాయి, ఖర్చు మాట తొందరగా తెగుతుంది.

కట్ట ఇచ్చేటప్పుడు కూడా విప్పకుండా పంపను. మధ్యలో నుంచి రెండు కార్డులు తీసి చేతికిచ్చి తేదీ, పేర్లు, నంబర్లు అక్కడే మళ్లీ చదవమంటాను. వందేసి కట్టలుగా లెక్క చూపిస్తాను. బాకీ ఉంటే ఎంతో, ఎప్పుడు ఇస్తారో వాళ్లే డెలివరీ రసీదు మీద రాస్తారు. ఆ రాతనే ఆ రోజు ఉదయం ఫోటో తీసి ‘నమస్తే అండీ, ఇవాళ్టి తేదీ’ అని పంపుతాను. ఒక కార్డు, సంతకం చేసిన ప్రూఫు ఆ జాబ్ కవరులోనే ఉంచి, పెళ్లి అయిన మూడు నెలల దాకా తీయకుండా అటక మీద పెడతాం.